కొండంత ధైర్యానికి గుప్పెడు మెతుకులు

ధర్పల్లి: కొండ ఎక్కేవారికి తాడు, మంచుగొడ్డలి, ప్రాణవాయువు ఎంత అవసరమో, నోటికి సహించే తిండి కూడా అంతే అవసరం. పొరుగున ఉన్న సిరికొండ మండలం పాకాల గ్రామానికి చెందిన మాలావత్ పూర్ణ ఎవరెస్ట్ యాత్రే ఇందుకు ఉదాహరణ.

వ్యవసాయ కూలీల ఇంట పుట్టి, తాడ్వాయి సాంఘిక సంక్షేమ గురుకుల పాఠశాలలో చదివిన పూర్ణ 2014 మే 25న ఎవరెస్ట్ శిఖరం చేరింది. అప్పటికి ఆమెకు 14 ఏళ్లు నిండలేదు. ఖమ్మం జిల్లా విద్యార్థి ఆనంద్‌కుమార్ కూడా ఆమెతోపాటు శిఖరం ఎక్కాడు. టిబెట్ వైపు నుంచి సాగిన ఈ యాత్రకు 52 రోజులు పట్టింది. చలికి, ఎత్తుకు తట్టుకున్న ఈ బాలికకు ప్యాకెట్ ఆహారం, సూపుల వాసన మాత్రం పడలేదు. ఈ సంగతి తర్వాత ఆమే చెప్పింది.

ఇది నాలుక రుచికి సంబంధించిన విషయం మాత్రమే కాదు. ఎత్తుకు పోయిన కొద్దీ ఆకలి చచ్చిపోతుంది. సుమారు 5,200 మీటర్ల ఎత్తున ఉండే బేస్ క్యాంపులో నీరు 83 డిగ్రీల దగ్గరే మరిగిపోతుంది. కుక్కర్ లేనిదే పప్పు ఉడకదు. ఇంకా పైకి వెళితే మంచు కరిగించి తాగునీరు చేసుకోవడానికే పొయ్యి సరిపోతుంది. అందుకే ప్యాకెట్లే గతి. అవి సహించక పక్కన పెట్టినవాడు ముందు నీరసిస్తాడు, తర్వాత దిగులుపడతాడు, చివరకు వెనక్కి పోదామంటాడు.

అనుభవజ్ఞులు ఈ కిటుకు ఏనాడో గ్రహించారు. 1911లో దక్షిణ ధ్రువాన్ని మొదట చేరిన నార్వే వీరుడు అముండ్‌సెన్ బృందం అంతకుముందు చలికాలమంతా మంచులో గుడిసె వేసుకుని గడిపింది. వంటవాడు లిండ్‌స్ట్రోమ్ పొద్దున్నే వేడివేడి అట్లు పోసి పెట్టేవాడు. యాత్రకు అతడు చేసిన సేవ ఎంతో విలువైనదని నాయకుడే మెచ్చుకోవడం విశేషం.

పూర్ణ అక్కడితో ఆగలేదు. 2022 నాటికి ఏడు ఖండాల్లోని ఎత్తైన శిఖరాలన్నీ అధిరోహించింది. ఆమెను చూసి ఈ ప్రాంత తండాల పిల్లలు కూడా కొండల వైపు చూస్తున్నారు. వారిని పంపే పెద్దలు బూట్లు, కోట్లతోపాటు మూటలో ఏం కడుతున్నామో కూడా ఆలోచించవలసి ఉంది. చెడిపోని అటుకులు, పల్లీపట్టీలు, కాస్త మామిడికాయ తొక్కు ఉంటే బరువు పెద్దగా పెరగదు. బయలుదేరక ముందే ప్యాకెట్ ఆహారం కొన్నాళ్లు తినిపించి అలవాటు చేయడం మరీ మంచిది. కొండ మీద ఇంటి రుచి తగిలితే, బిడ్డ మరో నాలుగడుగులు వేస్తుంది.