నవ్వులపాలైన గొంతు

డోరేమాన్ అంటే ఎవరో మీలో చాలామందికి తెలిసే ఉంటుంది. నీలంరంగు ఒళ్ళు, గుండ్రటి తల, పొట్ట మీద ఒక సంచి. అది పిల్లి ఆకారంలో చేసిన యంత్రం. ఇరవై రెండవ శతాబ్దం నుంచి వెనక్కు ప్రయాణం చేసి వచ్చి, చదువులోనూ ఆటల్లోనూ వెనకబడిన నొబితా అనే కుర్రవాణ్ణి కనిపెట్టుకుని ఉంటుంది.

ఈ కథలు మన టెలివిజనులో హిందీలోనూ తెలుగులోనూ కూడా వచ్చాయి. వాటిలో మనం విన్న గొంతులు మన దేశపు నటులవి. కాని ఈ కథలు పుట్టిన జపాను దేశంలో ఇరవై ఆరేళ్ళపాటు డోరేమాన్ మాటలన్నీ ఒక్కరే పలికారు. ఆమె పేరు నొబుయో ఓయామా. విచిత్రమేమిటంటే, చిన్నతనంలో ఆ గొంతు విని తోటిపిల్లలు పగలబడి నవ్వారు.

ఓయామా 1933 అక్టోబరు 16న టోకియో నగరంలో పుట్టింది. ఆడపిల్లల గొంతు సన్నగా ఉంటుందని అందరూ అనుకుంటారు గదా, ఈ పిల్ల గొంతు ముతకగా, బొంగురుగా ఉండేది. ప్రాథమిక పాఠశాల దాటి పై బడిలో చేరినప్పుడు, ఒక్కొక్కరే లేచి తమను గురించి చెప్పుకోవలసి వచ్చింది. తన వంతు రాగానే ఆమె లేచి నోరు తెరిచింది. తరగతి అంతా గొల్లుమన్నది. ఆనాటి నుంచి ఆ పిల్ల బడిలో మాట్లాడటమే తగ్గించేసింది.

తల్లి సంగతి తెలుసుకుని కూతురికి ఒక మాట చెప్పింది. కన్ను గాని, చెయ్యి గాని, కాలు గాని బలహీనంగా ఉన్నదని ఎప్పుడూ కాపాడుకుంటూ కూర్చుంటే అది మరింత బలహీనమవుతుంది. గొంతు బాగా లేదని ఊరుకుంటే చివరకు గొంతే పెగలకుండా పోతుంది. కనక రేపటి నుంచి రోజూ గొంతుకు పని ఉండే చోట చేరమన్నది. ఓయామా పెద్దయిన తరవాత ఈ సంగతి తానే చెప్పింది. తల్లి మాట విని ఆమె బడిలో ప్రసారాలు నడిపే పిల్లల బృందంలో చేరింది.

నా ఉపాధ్యాయ వృత్తిలో, పద్యం పూర్తిగా కంఠతా వచ్చి కూడా గొంతు బాగా లేదని లేచి చదవని పిల్లలను చాలామందిని చూశాను. అటువంటి పిల్లకు, “నీ గొంతుకేం, కోకిల గొంతు!” అని చెప్పి ఊరడించటం తేలిక. కాని అది నిజం కాదని పిల్లకూ తెలుసు. ఈ తల్లి అట్లా అబద్ధం చెప్పలేదు. ఉన్న గొంతును ఉన్నట్టే పనిలో పెట్టమన్నది.

ఇంతకూ ఒక్కొక్కరి గొంతు ఒక్కొక్క విధంగా ఎందుకుంటుంది? మీ వేళ్ళు గొంతుక మీద ఆనించి, పెదవులు మూసి “మ్” అనండి. లోపల ఏదో అదురుతున్నట్టు తెలుస్తుంది. అక్కడ స్వరతంతువులనే రెండు చిన్న మడతలు ఉంటాయి. ఊపిరి పైకి వచ్చేటప్పుడు అవి తాకుతూ విడిపోతూ అదురుతాయి. పెద్ద మగవాడి గొంతులో ఇవి సెకనుకు సుమారు 120 సార్లు, ఆడవారి గొంతులో సుమారు 200 సార్లు అదురుతాయి. చిన్నపిల్లలలో ఇంకా ఎక్కువ. తంతువులు పొట్టివీ పలుచనివీ అయితే స్వరం హెచ్చుగానూ, పొడుగువీ మందమైనవీ అయితే తగ్గుగానూ ఉంటుంది. ఆ మడతలు సరిగా కలుసుకోక గాలి జారిపోతే గొంతు బొంగురుపోతుంది.

అయితే తంతువులతోనే పని పూర్తికాదు. తంబురా తీగకు బుర్ర ఎట్లాగో, స్వరతంతువులకు మన గొంతు, నోరు, ముక్కు అట్లాగ. వాటి ఆకారాన్ని బట్టి ధ్వని మారుతుంది. ఏ ఇద్దరి నోరూ ముక్కూ అచ్చంగా ఒక్క తీరున ఉండవు. అందుచేతనే చీకట్లో కూడా అమ్మ పిలిస్తే అమ్మ అని తెలిసిపోతుంది.

చదువు ముగించి ఓయామా నటనలో శిక్షణ పొందింది. హైయుజా అనే నాటకసంస్థ టోకియోలో నడిపిన శిక్షణాలయంలో నేర్చుకుని, 1956లో టెలివిజను నాటకంలో నటించింది. జపానులో టెలివిజను ప్రసారాలు 1953లోనే మొదలయినాయి. ప్రసారం చెయ్యటానికి సొంత కథలు చాలక అమెరికా నుంచి కథలు తెచ్చుకుని, వాటికి జపాను భాషలో మాటలు చేర్చేవారు. లాసీ అనే కుక్క కథలకు అట్లా మాటలు చేర్చినప్పుడు, 1957లో, ఓయామా మొదటిసారిగా గొంతునటి అయింది. ఈ పని చేసేవారిని జపానులో ‘సెయ్యూ’ అంటారు. గొంతుతో నటించేవారని దాని అర్థం.

1960లో మూడు పందిపిల్లల కథ బొమ్మలాటగా టెలివిజనులో మొదలయింది. అందులో పెద్దదాని గొంతు ఓయామాది. చిన్నదాని గొంతు ఎవరిదో తెలుసా? తెలుగులో ‘రైలుబడి’ అనే పేరుతో వచ్చిన పుస్తకాన్ని మీలో కొందరు చదివి ఉంటారు. అది రాసిన టెట్సుకో కురొయనాగిది.

ఓయామాకు ఎక్కువగా మగపిల్లల వేషాలే వచ్చాయి. జపాను బొమ్మల కథలలో కుర్రవాళ్ళ మాటలను తరచు స్త్రీలే పలుకుతారు. దీనికి కారణం ఉన్నది. నిజమైన కుర్రవాణ్ణి పెడితే వాడికి పదమూడు, పధ్నాలుగేళ్ళు వచ్చేసరికి స్వరతంతువులు పెరిగి గొంతు మారిపోతుంది. కథలో కుర్రవాడు మాత్రం ఎన్నేళ్ళకూ పెరగడు. ఆడవారి గొంతు అంతగా మారదు. తరగతిలో నవ్వు పుట్టించిన ముతక గొంతు ఇక్కడ అచ్చంగా సరిపోయింది.

ఈ పని చూడటానికి తేలికగా ఉంటుంది గాని, తేలిక కాదు. బొమ్మలు తెర మీద కదులుతూ ఉంటాయి. నటులు చేతిలో రాతప్రతి పట్టుకుని నిలబడతారు. మైకులు మూడో నాలుగో ఉంటాయి, నటులు అంతకన్న ఎక్కువమంది ఉంటారు. ఒకరు తమ మాట పలికి అడుగుల చప్పుడు కాకుండా పక్కకు తప్పుకుంటే, ఇంకొకరు ముందుకు రావాలి. కాగితం తిప్పిన చప్పుడు కూడా వినిపించకూడదు. బొమ్మ నోరు తెరిచినప్పుడు మాట మొదలయి, మూసినప్పుడు ఆగాలి. ఏడుపయినా, నవ్వయినా, పరుగెత్తిన ఆయాసమయినా, నిలుచున్న చోటనే గొంతులో పుట్టించాలి.

డోరేమాన్ కథలను ఫుజికో ఎఫ్. ఫుజియో అనే చిత్రకారుడు కల్పించాడు. ఆయన కూడా 1933లోనే పుట్టాడు. ఈ కథలు మొట్టమొదట 1970 జనవరి సంచికలతో పిల్లల మాసపత్రికలలో మొదలయినాయి. 1973లో వాటిని టెలివిజనుకు ఎక్కించారు గాని, ఆరు నెలలతో ఆగిపోయాయి. 1979 ఏప్రిల్ 2న మళ్ళీ మొదలుపెట్టినప్పుడు డోరేమాన్ వేషం ఓయామాకు వచ్చింది. అప్పటికి ఆమె వయస్సు నలభై అయిదు.

డోరేమాన్ ఎట్లా మాట్లాడాలి? ఆమె దీనిని గురించి బాగా ఆలోచించింది. డోరేమాన్ పిల్లలను చూసుకోవటానికి చేసిన యంత్రం. అటువంటిది పిల్లల ముందు మోటుమాటలు ఆడదు గదా! అందుచేత రాతప్రతిలో మోటుగా ఉన్న పలకరింపును ఆమె మార్చి, తన పేరు చెప్పుకుంటూ మర్యాదగా నమస్కారం చేసినట్టు పలికింది. ఆ పలకరింపు దేశమంతటా పిల్లల నోట పడింది. డోరేమాన్ గొంతు ఇట్లా ఉంటుందన్న మాట అని కథలు కల్పించిన ఫుజియోయే అన్నాడని ఆమె చెప్పుకున్నది.

డోరేమాన్, నొబితా, షిజుకా, సునియో, జియాన్ – ఈ అయిదు గొంతులూ ఇరవై ఆరేళ్ళపాటు మారలేదు. నొబితా మాటలు పలికిన నోరికో ఓహారా కూడా స్త్రీయే. 1980 నుంచి 2004 దాకా డోరేమాన్ సినిమాలు ఇరవై అయిదు వచ్చాయి. బడిపిల్లలుగా ఈ కథలు చూసినవారు పెద్దవారై, తమ పిల్లలను పక్కన కూర్చోబెట్టుకుని అదే గొంతు విన్నారు.

2001లో ఓయామాకు పేగులో కేన్సరు వచ్చింది. చికిత్స పొంది, ఆమె మళ్ళీ మైకు ముందుకు వచ్చింది. 2005 మార్చిలో అయిదుగురూ ఒక్కసారే ఆ వేషాలు వదిలిపెట్టి కొత్తవారికి అప్పగించారు. డోరేమాన్ గొంతు వాసాబి మిజుటా అనే ఆమెకు వచ్చింది. మరుసటి ఏడు ఓయామా తన అనుభవాలను పుస్తకంగా ప్రకటించింది. 2008లో మెదడులో రక్తనాళం పూడి జబ్బుపడి కూడా, కోలుకుని, 2010లో ఒక వీడియో ఆటలో దుర్మార్గపు ఎలుగుబంటి మాటలు పలికింది. పిల్లలను లాలించిన గొంతే ఈసారి భయపెట్టింది!

2012లో ఆమెకు మతిమరపు జబ్బు ఉన్నదని వైద్యులు తేల్చారు. ఎన్నో వేల మాటలు ఒప్పజెప్పిన మనిషికి జ్ఞాపకమే జారిపోసాగింది. ఆమె భర్త కెయిసుకె సాగావా కూడా నటుడే. వారి పెళ్ళి 1964లో జరిగింది. 2015లో ఆయన భార్య జబ్బు సంగతి దాచకుండా రేడియోలో అందరికీ చెప్పాడు. 2017లో ఆయన ఆమె కన్న ముందే పోయాడు. ఓయామా 2024 సెప్టెంబరు 29న, తొంభై ఏళ్ళ వయస్సులో కన్నుమూసింది.

ఆమె మరిచిపోయినా, ఆమె గొంతును వినేవారు మరిచిపోలేదు. ఆనాటి సినిమాలలో అది ఇప్పటికీ అట్లాగే ఉన్నది.

పిల్లలూ, మీ తరగతిలో బొంగురు గొంతు పిల్లో, నత్తి పిల్లవాడో ఉండవచ్చు. వారు లేచి మాట్లాడేటప్పుడు, మాట పూర్తి అయ్యేదాకా వినండి. ఆ గొంతు మీదే అయితే మాత్రం, రేపు బడిలో పద్యం చదవటానికి ముందుగా మీరే చెయ్యి ఎత్తండి.