చమురు తెట్టు – తీరపక్షులు

గౌతమీ వసిష్ఠలు సముద్రమును గలియు చోట్ల, ఆటు వేళ నీరు వెనుకకు దీయగా బురదమేటలు బయటపడును. శీతకాలమున ఉల్లంకి జాతి పిట్టలు గుంపులుగా వచ్చి, ఆ బురదలోని పురుగులను, చిన్న గుల్లలను తినుచుండును. వీనిలో 'గ్రేట్ నాట్' అను పక్షి ఈశాన్య సైబీరియాలో గ్రుడ్లు పెట్టి, వేలకొలది మైళ్లు ఎగిరి వచ్చును. నేడది అంతరించు ప్రమాదమున నున్న పక్షులలో నొకటి.

కోనసీమ నేలలోను, దాని యెదుటి సముద్రగర్భమునను చమురు, సహజవాయువు కలవు. 1995 జనవరిలో రాజోలు ప్రాంతమందలి పాశర్లపూడి బావినుండి వెలువడిన వాయువు మంటలై 65 దినములు మండినది. అది వాయు ప్రమాదము. చమురు తెట్టు వలని కీడును 2023 డిసెంబరులో, పులికాటు సరస్సునకు దక్షిణమున నున్న ఎన్నూరున ప్రజలు చూచిరి. తుపాను వరదలతో చమురు అచ్చటి క్రీకులోనికి చేరగా, గూడబాతుల తెల్లని యీకలు నల్లబారినవి.

పక్షి యీకల నడుమ నిలుచు గాలియే దానికి కంబళి. చమురంటిన యీకలు ముద్దగట్టి, ఆ గాలి నిలువదు. నీరు ఒంటికి దిగును. పక్షి చలికి వణకును. ముక్కుతో యీకలను దువ్వుకొనబోయి అది విషమును మ్రింగును. గ్రుడ్డుపై కొన్ని చుక్కలు పడినను లోని పిల్ల చావవచ్చును.

అట్లని తీరమును తొందరపడి శుభ్రపరచుటయు హానికరమే. 1989లో అలాస్కా తీరమున 'ఎక్సాన్ వాల్డెజ్' ఓడనుండి చమురు కారినపుడు, కొన్నిచోట్ల రాళ్లను వేడినీటి ధారలతో కడిగిరి. చమురుతోపాటు రాళ్లనంటి బ్రతుకు గుల్లలు, నాచు కూడ నశించినవి. పక్షి మిగిలినను దాని ఆహారము మిగులకున్న ఫలమేమి?

కావున ముందుగా కాలువల ముఖములందు నీటిపై తేలు అడ్డుకట్టలు వేసి, చమురు బురదమేటలకు చేరకుండ ఆపవలెను. గ్రుడ్లు ఇసుక రంగున నుండుటచే కంటికి ఆనవు. అట్టి చోట్లకు చుట్టును కొయ్యలు పాతి త్రాడు కట్టవలెను. పనివారు ఒకే దారిన నడువవలెను. బండ్లను ఇసుకపై నడుపక, పారలతోను చేతులతోను చమురును ఎత్తవలెను. పక్షులు మేయు వేళ దూరముగా నుండవలెను. మాటిమాటికి బెదరి లేచు పక్షికి తిండి చాలదు. దూరప్రయాణమునకు వలయు క్రొవ్వు ఒంటికి పట్టదు.

బాలలారా! చమురంటిన పక్షి కనబడినచో జాలిచే దానిని పట్టి కడుగబోకుడు. బెదురుచేతనే అది చావవచ్చును. దానికి మొదట వెచ్చదనము, ద్రవాహారము, విశ్రాంతి కావలెను. పిదపనే శిక్షణ పొందినవారు కడుగుదురు. అది ఉన్న చోటును గుర్తించి వెంటనే అటవీశాఖవారికి తెలుపుడు. దాని ప్రాణము నిలుపుటకు మీరు చేయదగిన సాయమదియే.