కుట్టు లోపలి గుడ్డ

తెలుగువారి వివాహమున ముఖ్యమైన వస్త్రములకు కొలతతో పని లేదు. మధుపర్కములు కుట్టు ఎరుగని బట్టలు. పట్టుచీర ధర్మవరమున నేసినదైనను, గద్వాలలో నేసినదైనను, బక్కపలుచని వధువునకును బొద్దుగా నున్న వధువునకును ఒకే తీరున అమరును. కుచ్చెళ్ళు రెండు ఎక్కువగానో తక్కువగానో పోసిన చాలును. చిక్కంతయు చీరతోపాటు తొడుగు రవికతో వచ్చుచున్నది. గజము గుడ్డయైన పట్టని ఆ రవిక, ముహూర్తమునకు ముందునాటి రాత్రి ఇంటిల్లిపాదిని దర్జీ గుమ్మము ముందు నిలబెట్టగలదు.

ఇందులకు కారణములు పెక్కులు. పెక్కుమంది దర్జీకి కొలతలు ఇచ్చుటకు మారుగా ఒక ఆది రవికను పంపుదురు. అది పలుమారులు తొడిగి, ఉతికి, ఒంటికి అలవాటుపడిన నూలు రవిక. నూలు కొంత సాగును, పట్టు సాగదు. అవే కొలతలతో కుట్టిన పట్టు రవిక బిగువగుటలో వింత లేదు. పట్టుకు లోపలివైపున వేయు నూలు గుడ్డను ముందుగా నీట తడిపి ఆరవేయనిచో, తరువాత తడిసినప్పుడు అది ముడుచుకొని పైనున్న పట్టును కూడ ముడతలు పెట్టును. వీనికి తోడు నిశ్చితార్థమునకును వివాహమునకును నడుమ నెలలు గడచును. బంధువుల యిండ్ల విందులతో పిల్ల కొంత ఒళ్ళు చేయవచ్చును. లేదా నిద్రలేమితో, దిగులుతో చిక్కిపోవచ్చును. శ్రావణ మాఘ ఫాల్గుణ మాసములలో ముహూర్తములన్నియు ఒక్కమారు వచ్చిపడుటచే, పది దినములకు ముందు రావలసిన రవిక పెండ్లికి ముందునాటి సాయంకాలము వచ్చును. తొడిగి చూచి దిద్దించుకొను వ్యవధి యెక్కడ?

తొడిగి చూచుటయు చాలమంది అద్దము ముందు నిలువుగా నిలబడియే చూతురు. పెండ్లిపీటలపై పని వేరు. వధువు చేయెత్తి వరుని తలపై జీలకఱ్ఱ బెల్లము ఉంచవలెను. రెండు చేతులు పైకెత్తి తలంబ్రాలు పోయవలెను. హోమగుండము చెంత చాలసేపు కూర్చొనవలెను. అద్దము ముందు చక్కగా కనబడిన రవిక, తలంబ్రాల వేళ చంక దగ్గర పిగిలిపోవుట అందుచేతనే. చేతులెత్తి, నేలపై కూర్చొని చూడని పరీక్ష పరీక్ష కాదు.

రవిక వదులైనచో పని సులభము. ప్రక్కల నొక్కొక్క కుట్టు వేసిన సరిపోవును. బిగువైనచో గుడ్డ కావలెను. చీరతో కలసి నేసిన రవిక గుడ్డకు సరిపోలు రంగు, అంచు అంగడిలో దొరకవు. అప్పుడు దర్జీ ప్రక్క కుట్టు విప్పి లోపల చూచును. ముందు ముక్కకును వెనుక ముక్కకును, కుడియెడమల రెంటను, అర అంగుళము చొప్పున గుడ్డ మిగిల్చి యున్నచో చుట్టుకొలత రెండు అంగుళములు పెరుగును. పాత కుట్టు విప్పినచోట సూది రంధ్రములు పట్టుపై నిలిచిపోవును గాని, అవి చేయి క్రింద మరుగుపడును. అదియును చాలనిచో చంక క్రింద నలుపలకల ముక్క యొకటి అతుకును. మగ్గము పని ప్రక్క కుట్టు దాటి లోపలి వరకు సాగినదైనచో మాత్రము ఈ ఉపాయము పారదు. అందుచేతనే పని తెలిసినవాడు కుట్టునకు కొంత ఇవతలనే అల్లిక ఆపును.

ఈ మిగులు గుడ్డ ఎవరి కంటికిని కనబడదు. దానిని కత్తిరించి పారవేసినచో రవిక లోపలివైపున మరింత నాజూకుగా నుండును. ఐనను మంచి దర్జీ దానిని ఉంచును. దేహము మారుట సహజమని, ఆ మార్పునకు బట్టయే చోటు ఈయవలెనని అతడెరుగును.

దేహమే బట్టనుండి జారిపోయిన వివాహమొకటి లోకప్రసిద్ధము. 1981 ఫిబ్రవరిలో బ్రిటిషు యువరాజు చార్లెసునకును డయానాకును వివాహము నిశ్చయమయ్యెను. పెండ్లిగౌను కుట్టుపని డేవిడ్, ఎలిజబెత్ ఇమాన్యుయెల్ దంపతులు చేపట్టిరి. మొదటిసారి కొలత తీసినప్పుడు తన నడుము 29 అంగుళములనియు, వివాహదినమునకు 23న్నర అంగుళములనియు డయానాయే అనంతరకాలమున ఒక రచయితకు తెలిపినది. ఐదు మాసములలో ఐదున్నర అంగుళములు! కుట్టినవారు గౌనును మరల మరల బిగించుచు వచ్చిరి.

జూలై 29న లండనులోని సెయింట్ పాల్ ప్రార్థనామందిరమున 25 అడుగుల జీరాడు కొంగుతో ఇరువది యేండ్ల వధువు దిగినప్పుడు, అద్దాల బండిలో ఇరుకుపడి నలిగిన ఆ పట్టును లోకమంతయు చూచినది. నడుమున తరిగిన అంగుళములు మాత్రము గౌనులో కనబడలేదు. సూది వానిని అంత నేర్పుగా కప్పినది. తాను పెక్కేండ్లు బులీమియా అను ఆహారసంబంధమైన వ్యాధితో బాధపడితినని ఆమె 1995లో టెలివిజనులో వెల్లడించినది. ఆ వ్యాధి నిశ్చితార్థపు నాళ్ళలోనే మొదలైనదని ఆమె మాటలవలననే తెలియవచ్చినది. దర్జీ టేపు ప్రతిమారును ఆ సంగతి చెప్పుచునే యున్నది. చుట్టునున్నవారు దానిని సౌందర్యమని చదువుకొనిరి.

మన యిండ్లలోను, రవిక బిగువైనదని తెలియగానే పిల్లను ఒక పూట అన్నము మానుమని చెప్పు పెద్దలు కలరు. హాస్యముగా అన్నమాటయైనను ఆ వయస్సున అది లోతుగా నాటుకొనును. బిగువు తప్పు గుడ్డది; దానిని దిద్దుటకు కత్తెరయు సూదియు ఉన్నవి. పిల్ల ఉన్నట్లుండి చిక్కిపోయినచో, కుట్టు బిగింపుమని దర్జీకడకు పంపుటకు ముందు, కారణమేమని ఆమెనే చెంత కూర్చుండబెట్టుకొని అడుగవలెను.

గుడ్డ ఇచ్చునాడే లోపల ఎంత మిగిల్చెదవని దర్జీని అడుగుట మేలు. పెండ్లి రవిక ఒక్కనాటితో తీరిపోవునది కాదు. బిడ్డకు అన్నప్రాశన చేయునాడు తల్లి పెట్టె తెరచి ఆ రవికనే తీయును. అది పట్టదు, అప్పుడు ఇంటిలోనే ఎవరో ఒకరు ప్రక్క కుట్టు విప్పుదురు. ఏండ్లతరబడి వెలుగు సోకని ఆ అర అంగుళము పట్టు, తక్కిన రవికకంటె కొంచెము నిగ్గుగా బయటపడును.