వెలిగొండ చేవ

కృష్ణపట్నం రేవుకు పడమటి నుంచి వచ్చే గూడ్సు బండ్లు రాపూరు దగ్గర వెలిగొండ కిందుగా దూరి వస్తాయి. ఓబులవారిపల్లె–వెంకటాచలం రైలు మార్గంలో ఆరున్నర కిలోమీటర్లు దాటిన ఆ సొరంగం 2019లో ప్రారంభమైంది. కింద బండి నిమిషాల్లో కొండ దాటేస్తుంది. పైన అదే కొండల్లో, రాత్రిపూట, మనుషులు ఎర్రచందనం దుంగలు భుజానేసుకుని నడుస్తారు.

వెలిగొండ, శేషాచలం, పాలకొండలు, లంకమల. ఈ చెట్టు అడవిలో తనంతట తాను పెరిగేది లోకం మొత్తం మీద దాదాపు ఈ వరసల్లోనే. వాన తక్కువ, రాయి ఎక్కువ ఉన్న నేల దానిది. పైకి మామూలు మానులాగే ఉంటుంది. గొడ్డలితో బెరడునూ, దాని కింది తెల్లటి భాగాన్నీ చెక్కేస్తే నెత్తురు రంగు చేవ బయటపడుతుంది. ఆ ముక్కను నీళ్లలో వేస్తే మునిగిపోతుంది, అంత బరువు. చేవ ముదరడానికి దశాబ్దాలు పడుతుంది. నరికేవాళ్లు ఈ చెక్కుడు పనంతా అడవిలోనే ముగించి చేవనే మోసుకొస్తారు, ఎందుకంటే డబ్బు పలికేది అదే.

మన ఇళ్లలో దీని వాడకం చిన్నది. తిరుపతి చెక్కబొమ్మలు, వాపు మీద అరగదీసి పట్టించే గంధం, అంతే. ధర పెట్టేది సముద్రం అవతల. చైనాలో ఖరీదైన ఫర్నిచర్‌కు, జపాన్‌లో షామిసెన్ అనే తీగవాద్యానికి ఈ చేవ కావాలి. అంతర్జాతీయ ఒప్పందం కింద 1995 నుంచి దీని వ్యాపారం మీద నియంత్రణ ఉంది. గిరాకీ మాత్రం తగ్గలేదు, సరుకు దొంగదారి పట్టింది.

ఆ దారికి ఒక చివర పెట్టుబడి పెట్టేవాడు, వాడు కొండ ఎక్కడు. మధ్యలో మేస్త్రీ. ఈ చివర గొడ్డలి పట్టే కూలీ. ఈ కూలీల్లో చాలామంది తమిళనాడులోని జవ్వాది కొండల వంటి చోట్ల నుంచి వచ్చే పేదలు, గిరిజనులు. అంటే ఒక కొండ పేదరికం ఇంకో కొండ అడవిని నరుకుతోంది. అడవిలో వాళ్లకు ఎదురుపడేది కూడా చిన్న ఉద్యోగులే. 2013 డిసెంబరులో శేషాచలంలో ఇద్దరు అటవీ ఉద్యోగులను చంపేశారు. 2015 ఏప్రిల్ 7న అదే అడవుల్లో 20 మంది కూలీలు పోలీసు కాల్పుల్లో చనిపోయారు. రాళ్లు, గొడ్డళ్లతో మీద పడితే ఆత్మరక్షణకు కాల్చామన్నారు పోలీసులు. ముందే పట్టుకుని చంపారని హక్కుల సంఘాలు ఆరోపించాయి. జాతీయ మానవ హక్కుల కమిషన్ కలగజేసుకుంది. మరుసటి ఏడు రాష్ట్రం అటవీ చట్టాన్ని సవరించి ఎర్రచందనం నేరాలకు శిక్షలు పెంచింది.

శిక్ష పెరగడం తప్పని నేననను. కానీ సులువుగా చేతికి చిక్కేది అడవిలో పరిగెత్తేవాడే. పెట్టుబడి పెట్టినవాడి పేరు ఆ కూలీకే తెలియదు చాలాసార్లు. అందుకే వందల కేసులు పెట్టినా ఈ వ్యాపారం నడుం విరగలేదు. నన్నడిగితే గాలింపు అసలు జరగాల్సింది రేవుల్లో, కంటైనర్లలో, బ్యాంకు ఖాతాల్లో.

కర్రనే నమ్ముకుని బతికేవాళ్లు ఇంకొందరున్నారు. నెల్లూరు జిల్లా కొండపట్టున ఉదయగిరిలో నర్ది, బిక్కి కర్రతో చెంచాలు, ఫోర్కులు చెక్కే కుటుంబాలున్నాయి. వాళ్ల చేతుల్లోనూ ఉలి ఉంది, ఎదురుగా కొండ ఉంది. ఒక్కో చెంచాను ఓపిగ్గా నున్నగా రుద్దుతారు. వాళ్లను కొండ మీద ఎవరూ తుపాకులతో తరమరు. తరిమేంత డబ్బు ఆ కర్రలో లేదు.