‘నలుగురు’ ఎవరు? తండ్రి, కొడుకు, గాడిద కథ – వెండితెర అనుసరణ

1. ఉపోద్ఘాతం

తండ్రీకొడుకులు గాడిదను తోలుకొని పోతూ, దారిన పోయేవారి మాటలు విని దానిని ఎక్కడం, దిగడం, ఒక దశలో గాడిదనే మోయడం ఈ కథలోని ఇతివృత్తం. జానపద కథల అంతర్జాతీయ సూచికలో ఇది 1215వ రకం. స్పెయిన్‌లో హువాన్ మాన్యుయెల్ 1335లో, ఫ్రాన్సులో లా ఫొంతేన్ 1668లో దీనిని గ్రంథస్థం చేశారు. కొన్ని పాఠాల్లో గాడిద వంతెనపై నుంచి నీటిలో పడిపోతుంది. లా ఫొంతేన్ పాఠంలో యజమాని ఇకపై తన ఇష్టప్రకారమే నడుచుకొంటానని నిశ్చయించుకొంటాడు.

2. దృశ్య స్వభావం

అమెరికన్ చిత్రకారుడు ఎలిహు వెడర్ 1867–68లో ఈ కథను తొమ్మిది చిత్రాల వరుసగా చిత్రించాడు. సినిమా పుట్టకముందే ఈ కథ దృశ్యాలుగా విడిపోయిందనడానికి ఇది నిదర్శనం. అయితే కథ వినేవారికి బాటసారులు కేవలం మాటలుగానే అందుతారు. తెరపై ప్రేక్షకుడు తానే బాటసారి స్థానంలో నిలిచి తీర్పు చెప్పడం మొదలుపెడతాడు. కాబట్టి కెమెరా గుంపు పక్షాన ఉండాలా, నడిచేవారి పక్షాన ఉండాలా అన్నది అనుసరణకర్త ఎదుర్కొనే తొలి సమస్య.

3. సరిహద్దు భాషల్లో ‘నలుగురు’

మదనపల్లె, పుంగనూరు కర్ణాటకకు చేరువలో ఉన్నాయి. కుప్పం కర్ణాటక, తమిళనాడు రెండింటినీ ఆనుకొని ఉంది. ద్రావిడ భాషల అధ్యయనానికి 1997లో ఏర్పడిన ద్రావిడ విశ్వవిద్యాలయం ఇక్కడే ఉంది. లోకాన్ని తెలుగువారు ‘నలుగురు’ అంటే, తమిళులు ‘నాలు పేర్’ అని, కన్నడిగులు ‘నాల్కు జన’ అని అంటారు. నలుగురూ ఏమనుకొంటారోనన్న భయం మూడు భాషల్లోనూ ఒకే సంఖ్యతో పలుకుతుంది. కథలోని బాటసారులకు ఈ ప్రాంతంలో సిద్ధంగా ఉన్న పేరు ఇదే.

4. ‘ఆ నలుగురు’

మదన్ కథతో చంద్రసిద్ధార్థ దర్శకత్వం వహించిన ‘ఆ నలుగురు’ (2004) గాడిద కథకు అనుసరణ కాదు. కానీ అదే ప్రశ్నను తలకిందులుగా వేస్తుంది. రాజేంద్రప్రసాద్ పోషించిన రఘురామ్ మరణానంతరం తన అంత్యయాత్రను తానే చూస్తాడు. ఇక్కడ నలుగురు అంటే పాడె మోసేవారు. గాడిద కథలో నలుగురు మాట్లాడతారు, బరువు తండ్రీకొడుకులు మోస్తారు. ఈ చిత్రంలో బరువు మోసేవారే నలుగురు.

5. ముగింపు

ఎవరి మాటా వినవద్దన్న నీతితో ఆగిపోయే అనుసరణ తెలుగులో అసంపూర్ణమే. తీర్పు చెప్పే నలుగురు, భుజం పట్టే నలుగురు ఒకరు కారు. మెప్పు కోసం తపించే మనిషి నష్టపోయేది ఈ ఇద్దరినీ ఒకటిగా భావించినప్పుడే. ఆ భేదాన్ని దృశ్యంలో చూపగలిగినప్పుడే పాత కథకు తెరపై కొత్త ప్రయోజనం సిద్ధిస్తుంది.