ఉప్పాడ: చట్టమిచ్చిన ఆ 8 కిలోమీటర్లు

కాకినాడకు ఎదురుగా సముద్రపు అలలకు హోప్ ఐలాండ్ అడ్డుంది. దగ్గర్లోని మత్స్యకారుల ఊరు ఉప్పాడకు ఏ అడ్డూ లేదు. తుపాను వచ్చినప్పుడల్లా బీచ్ రోడ్డు కోసుకుపోతుంది, బండరాళ్లు పోస్తారు, మళ్లీ కోసుకుపోతుంది. ఇసుక నింపిన జియో ట్యూబుల గోడా నిలవలేదు. సముద్రం మింగింది ఇళ్లనే కాదు. తెప్ప లాక్కునే చోటు, వల ఆరేసే చోటు, ఆడవాళ్లు ఎండుచేపలు పరిచే చోటు కూడా పోయాయి.

ఒడ్డు పోయినా నీళ్లలో హక్కుంది: తీరం నుంచి 8 కిలోమీటర్ల దాకా సముద్రం చిన్న పడవలదే. మరబోట్లు అవతలే వేటాడాలి. సముద్ర వేటపై 1994 నాటి రాష్ట్ర చట్టం కింద ఉన్న నిబంధన ఇది. కాగితం మీద పెద్ద ఆస్తే, అందులో చేపంటూ ఉంటే! పెద్ద బోట్లు రాత్రిళ్లు లోపలికొచ్చి ఊడ్చుకుపోతున్నాయని జాలర్ల ఫిర్యాదు. మందుల కంపెనీల వ్యర్థాలు కలిసి చేప దూరమైందని 2025 సెప్టెంబరులో రోడ్డెక్కారు. మరుసటి నెల స్థానిక ఎమ్మెల్యే, ఉప ముఖ్యమంత్రి పవన్ కల్యాణ్ వచ్చి వాళ్లతో మాట్లాడారు.

దగ్గర్లో చేప లేకపోతే దూరం పోవాలి. ఎంత దూరం పోతే అంత డీజిలు. డీజిలు, ఐసు ఖర్చు తీసేశాకే వాటాలు: తెప్పకింత, వలకింత, మనిషికింత. వల కొనడానికి వ్యాపారి ముందే డబ్బిస్తాడు. కొందరు వడ్డీ కూడా అడగరు, సరుకు మాత్రం తమకే వేయాలంటారు. ఒడ్డున పక్కనే వేలంపాట నడుస్తున్నా బాకీ ఉన్నవాడి గంప అక్కడికి పోదు. వ్యాపారి చెప్పిందే ధర.

కచిడి చేప పడి లక్షలు పలికిన రోజు టీవీలు పరిగెత్తుకొస్తాయి. దాని పొట్టలోని తిత్తికే ఆ రేటు. అది లాటరీ, లాటరీల మీద ఊరు బతకదు.

ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు, 61 రోజులు వేట నిషేధం. ఆ రోజులకు ప్రభుత్వమిచ్చే భృతి 10,000 రూపాయలుగా ఉండేది, 2025లో 20,000 అయింది. మంచిదే. లెక్కేస్తే రోజుకు సుమారు 328 రూపాయలు, ఇంటిల్లిపాదికీ. అదీ వేటకెళ్లేవాళ్ల లెక్కన ఇచ్చేది. గంప నెత్తిన పెట్టుకుని ఊరూరా అమ్మే ఆడవాళ్ల పని ఆగిపోయినా ఎవరి లెక్కలోకీ రాదు.

ఆ 8 కిలోమీటర్లలో మళ్లీ చేప ఉండాలంటే, కాలుష్య నియంత్రణ మండలి నీటి పరీక్షల ఫలితాలను నెలనెలా ఉప్పాడ చేపల మార్కెట్లో తెలుగులో అంటించాలి. మత్స్యశాఖ గస్తీ రాత్రిపూట కూడా తిరగాలి. ఈ రెండింటికీ కొత్త చట్టమేమీ అక్కర్లేదు.