302 మీద ఒక సస్పెన్స్ నవల

"నాన్నా, ఉరిశిక్ష ఉండాలా, వద్దా?"

మొన్న ఆదివారం ఎడ్మండ్‌సన్ పార్క్‌లో మా ఇంట్లో పెసరట్లు వేస్తుంటే, తొమ్మిదో తరగతి చదువుతున్న మా అమ్మాయి అడిగిన ప్రశ్న ఇది. స్కూల్లో డిబేట్ ఉందట.

"ఉండాలి తల్లీ" అన్నాను, అట్టు తిరగేస్తూ. ఢిల్లీ నిర్భయ కేసులో నలుగురిని 2020 మార్చి 20న తీహార్ జైల్లో ఉరి తీసినప్పుడు "న్యాయం జరిగింది" అని వాట్సాప్ గ్రూపులో మెసేజ్ పెట్టినవాళ్ళలో నేనూ ఉన్నాను మరి!

"పొరపాటున ఏ తప్పూ చెయ్యనివాణ్ణి ఉరి తీస్తే? తర్వాత అన్‌డూ ఉంటుందా?"

ఇరవై ఏళ్ళుగా సాఫ్ట్‌వేర్‌లో ఉన్నాను. బ్యాకప్ లేకుండా డిలీట్ కొట్టొద్దని జూనియర్లకి రోజూ చెప్పేది నేనే. జవాబు తోచలేదు. ఈలోగా అట్టు మాడింది.

ఆ రాత్రి గరాజ్‌లో పెట్టెలన్నీ వెతికి యండమూరి వీరేంద్రనాథ్ గారి "అభిలాష" బయటికి తీశాను. ఇంటర్‌లో ఉండగా అద్దె లైబ్రరీలో తెచ్చుకుని, ఫిజిక్స్ పుస్తకం చాటున ఒక్క రాత్రిలో చదివేసిన నవల. అప్పుడు నాకు కావలసింది సస్పెన్స్ ఒక్కటే. అందులో ఉన్న ప్రశ్న నా బుర్రకెక్కలేదు.

ఆయన చదివింది చార్టర్డ్ అకౌంటెన్సీ. "తులసిదళం"తో చేతబడి పేరు చెప్పి తెలుగువాళ్ళని వణికించారు. "విజయానికి అయిదు మెట్లు"తో వ్యక్తిత్వ వికాసం బోధించారు. మధ్యలో "అభిలాష"లో చట్టాన్నే కథగా మలిచారు. హీరో చిరంజీవి కుర్ర లాయరు. భారతీయ శిక్షాస్మృతి 302వ సెక్షన్ నుంచి మరణశిక్షని తీయించాలన్నది అతని అభిలాష. అందుకోసం చెయ్యని హత్యని తన మీద వేసుకుని, శిక్ష పడ్డాక నిర్దోషినని నిరూపించుకోవాలని పథకం వేస్తాడు. తర్వాతేమవుతుందో చెప్పను, చదవబోయేవాళ్ళు నన్ను తిడతారు! 1983లో కోదండరామిరెడ్డి గారి దర్శకత్వంలో ఇదే సినిమాగా వచ్చింది.

మనవాళ్ళలో చట్టం గుట్టు విప్పిన లాయరు రచయిత కావాలంటే విశాఖపట్నం రావిశాస్త్రి గారున్నారు. మద్యనిషేధ చట్టం పేదవాళ్ళ బతుకుల్ని ఎలా నలిపిందో "ఆరు సారా కథలు" చెబుతాయి. ఆయన కోర్టులో చూసింది రాశారు. యండమూరి గారు అదే కోర్టుని సస్పెన్స్‌తో ఇంటర్ కుర్రాడి చేత కూడా చదివించారు.

అసలు చట్టం ఏమైంది? 1980లో బచన్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు, అరుదైన వాటిలోకెల్లా అరుదైన కేసుల్లోనే ఉరి వెయ్యాలంది. యావజ్జీవ ఖైదీ హత్య చేస్తే ఉరి తప్ప వేరే శిక్షే లేదనే 303వ సెక్షన్‌ని, సినిమా వచ్చిన 1983లోనే కొట్టేసింది. 302 మాత్రం నిలిచింది. 2024 జులై 1 నుంచి భారతీయ న్యాయ సంహితలో 103వ సెక్షన్ అయింది. నంబరు మారింది, ఉరి అలాగే ఉంది.

మరి మనం ఉంటున్న ఈ దేశంలో? ఇక్కడ చివరి ఉరి 1967లో, మెల్‌బోర్న్‌లో రోనాల్డ్ రయాన్‌ది. మన న్యూ సౌత్ వేల్స్ 1955లో హత్యలకి, 1985లో మిగతా అన్ని నేరాలకీ మరణశిక్షని తీసేసింది. కాలిన్ క్యాంప్‌బెల్ రాస్ అనే ఆయన్ని మాత్రం 1922లో మెల్‌బోర్న్‌లో ఉరి తీశారు. కేసుకి ఆధారం కొన్ని వెంట్రుకలు. దశాబ్దాల తర్వాత మళ్ళీ పరీక్షిస్తే అవి హతురాలివి కావని తేలింది. 2008లో క్షమాభిక్ష ఇచ్చారు. చనిపోయి 86 ఏళ్ళయ్యాక!

ఇది చెబితే మా అమ్మాయి చాలాసేపు మాట్లాడలేదు. "అయితే నువ్వు పెట్టిన మెసేజ్ తప్పా నాన్నా?" అంది చివరికి.

"ఆ అమ్మాయి తల్లి కడుపుకోత నాకు తెలియదు. ఆవిడ ముందు వాదించే ధైర్యమూ లేదు. కానీ ఈసారి అలాంటి మెసేజ్ పెట్టేముందు నువ్వడిగిన అన్‌డూ గుర్తు తెచ్చుకుంటాను" అన్నాను.

తనకి తెలుగు మాట్లాడటం వచ్చు, చదవడం రాదు. అందుకే ఇప్పుడు రోజూ భోజనాలయ్యాక పది పేజీలు నేను చదువుతున్నాను, తను వింటోంది. నిన్న సరిగ్గా ఉత్కంఠలో ఆపేశాను. ఇవాళ ఉదయం చూస్తే పుస్తకం తన బల్ల మీద ఉంది, పక్కనే తెలుగు అక్షరాల పుస్తకం!